తత్వమూ అద్భుతమూ ఒకే కలంతో: పాఠకుల ప్రశ్నలు, జవాబులు

తత్వగ్రంథాలూ అద్భుత కథలూ రెండూ రాసిన రచయితల గురించి కిందటి సంచికలో ఒక వ్యాసం వేశాం. దాని మీద వచ్చిన ఉత్తరాల్లో ఎక్కువ భాగం తిరుపతి, చిత్తూరు చుట్టుపక్కల నుంచే. రాసినవాళ్లలో సగం మందికి సొరుగులో ఒక నవల సగంలో ఆగి ఉన్నట్టుంది. ఒకే రకం ప్రశ్నలను కలిపేశాం. పేర్లు వద్దన్నవాళ్లు చాలామంది కాబట్టి అందరికీ ఊరు మాత్రమే వేస్తున్నాం.

తత్వం రాసేవాడికి కథ రాదు, కథ రాసేవాడికి తర్కం నిలవదు అంటారు. రెండూ ఒకే మనిషి బాగా రాసిన దాఖలా మన దగ్గర ఉందా? లేక ఇది ఇంగ్లీషువాళ్ల దగ్గర తెచ్చుకున్న మోజా?
చంద్రగిరి పాఠకుడు

ఉంది, అదీ గట్టి దాఖలానే. 12వ శతాబ్దపు శ్రీహర్షుడు ఖండనఖండఖాద్యం రాశాడు. ప్రమాణానికీ, జ్ఞానానికీ, భేదానికీ నైయాయికులు (న్యాయదర్శన తార్కికులు) ఇచ్చిన నిర్వచనాలను ఒక్కొక్కటే పట్టుకుని, ఏదీ నిలవదని తేల్చే వేదాంత గ్రంథం అది. ఆయనే నైషధీయచరితమూ రాశాడు. 22 సర్గల కావ్యం. అందులో బంగారు హంస రాయబారం నడుపుతుంది, దేవతలు వేషాలు మారుస్తారు.

ఈ రెండూ వేర్వేరు పనులనుకుంటే 13వ సర్గ చదవండి. దమయంతి స్వయంవరానికి ఇంద్రుడు, అగ్ని, యముడు, వరుణుడు నలుడి రూపంలోనే వచ్చి కూర్చుంటారు. అసలు నలుడితో కలిపి ఐదుగురు. పరిచయం చేసేది సాక్షాత్తూ సరస్వతి. ఆమె అబద్ధం చెప్పదు, నిజాన్ని విప్పనూ విప్పదు. నలుగురు దేవతల మీద చెప్పిన పద్యాలు ఇటు నలుడికీ సరిపోతాయి. చివరికి ఐదుగురికీ పనికొచ్చే శ్లోకం ఒకటి చెబుతుంది. వర్ణన ఎంత కచ్చితంగా ఉన్నా మనిషి చేతికి చిక్కడు. లక్షణం చెప్పి వస్తువును పట్టుకోలేమని ఖండనంలో పేజీలకు పేజీలు వాదించినవాడే, కావ్యంలో అదే చిక్కును పూలమాల పట్టుకున్న ఒక అమ్మాయి ముందు పెట్టాడు. గ్రంథంలో ఓడేది ప్రతివాది. కావ్యంలో తప్పు జరిగితే ఒక జీవితం పోతుంది. తర్వాతి సర్గలో ఆమె దేవతలను కొలిచాక గుర్తులు కనబడతాయి: కాళ్లు నేలకు ఆనవు, రెప్ప పడదు, మెడలో మాల వాడదు. శ్రీనాథుడు దీన్నే శృంగారనైషధంగా తెలుగు చేశాడు కాబట్టి తెలుగులోనే చూసుకోవచ్చు.

మన వైపు వాళ్లనే చూస్తే, తరిగొండ వెంగమాంబ 18, 19వ శతాబ్దాల మనిషి. వసిష్ఠుడు రాముడికి చేసిన బోధ అయిన యోగవాసిష్ఠాన్ని వాసిష్ఠ రామాయణంగా ద్విపదలో చెప్పింది, రాజయోగం మీద గ్రంథం రాసింది, వేంకటాచల మాహాత్మ్యమూ యక్షగానాలూ కూడా ఆమెవే. కాళహస్తి ధూర్జటి ఒక చేత్తో శతకం, ఇంకో చేత్తో సాలెపురుగూ పామూ ఏనుగూ నడిపించే ప్రబంధం రాశాడు. ఇంగ్లండులో మార్గరెట్ కావెండిష్ 1666లో ప్రకృతి తత్వం మీద తన గ్రంథాన్నీ, ఉత్తర ధ్రువం దాటి వేరే లోకంలోకి వెళ్లిన ఒక స్త్రీ కథనూ ఒకే సంపుటంగా అచ్చువేయించింది. మోజు అనుకుంటే మాత్రం చాలా పాత మోజు.

అరవై పేజీల అద్భుత నవల రాశాను. చదివిన స్నేహితురాళ్లు గురువు పాత్ర వచ్చినప్పుడల్లా క్లాసు పీకుతున్నట్టుందంటున్నారు. ఆ మాటలు తీసేస్తే నేను చెప్పాలనుకున్నదే పోతుంది. ఏం చేయాలి?
పుత్తూరు పాఠకురాలు

మాకు వచ్చే రాతప్రతుల్లో ఎక్కువగా కనబడే జబ్బు ఇదే. ముందు ఎంత ముదిరిందో చూడండి. ప్రింటు తీసి ఎర్ర పెన్ను పట్టుకోండి. కథలోంచి ఎత్తి ఒక వ్యాసంలో పెట్టినా అక్షరం మార్చకుండా ఇమిడిపోయే వాక్యం కనబడితే కింద గీత గీయండి. పేజీకి ఒకటి రెండు గీతలుంటే ఫరవాలేదు. వరసగా అయిదారు వాక్యాలు ఎర్రబడితే అక్కడ కథ ఆగిపోయిందనే అర్థం, గురువు ఎంత గొప్పగా మాట్లాడినా సరే.

గీత గీసిన ప్రతి మాటనూ మూడిట్లో ఒక దారి పట్టించవచ్చు. ఆ లోకపు నియమంగా మార్చడం ఒకటి. ఎవరో ఒకరు చెల్లించాల్సిన ధరగా మార్చడం రెండోది. తప్పు చేస్తున్న పాత్ర నోట పెట్టడం మూడోది. ఈ మూడోదాన్ని జనం వాడరు గానీ భలే పనిచేస్తుంది. సరైన మాటను స్వార్థపరుడు చెబితే పాఠకుడు ఆ మాటతో తనే కుస్తీ పడతాడు.

మీరు పంపిన పేజీలో ఉన్న ఆలోచన, ‘నేను అంటే జ్ఞాపకాల మూట తప్ప వేరే ఏమీ కాదు’ అని. మీ గురువు దాన్ని పదకొండు వాక్యాల్లో చెప్పాడు. అదే ఆలోచనను నియమంగా మారిస్తే ఇలా ఉండొచ్చు:

సుంకం గుడిసె ముందు రెడ్డెమ్మ వంతు వచ్చింది.
“పెద్దదా, చిన్నదా?” చిట్టాలోంచి తల ఎత్తకుండానే అడిగాడు సుంకరి.
“బండెడు చింతపండు సామీ. చిన్నదానితో పోదా?”
“పోదు.”
ఆమె తన పెళ్లినాటి వానను ఇచ్చి రేవు దాటింది. సంత ముగించుకుని ఇంటికొచ్చేసరికి మొగుడు గడపలో నిలబడి మొగులు చూస్తా ఉండాడు. “మళ్లీ ఆ పొద్దు మాదిరే వచ్చేట్టుండాది” అని నవ్వినాడు. రెడ్డెమ్మా నవ్వింది. ఏ పొద్దో ఆమెకు తెలియలేదు.

ఇక్కడ ‘నేను’ అనే మాటే రాలేదు. స్వర్ణముఖి రేవు దాటాలంటే ఒక జ్ఞాపకం సుంకంగా కట్టాలన్న నియమం ఒక్కటే ఉంది. మీ గురువు చెప్పిన సిద్ధాంతమంతా ఆ సుంకంలో ఉంది. ఇప్పుడు గురువుకు ఏం పని ఇవ్వాలో ఆలోచించండి. ఆ చిట్టా రాసే ఉద్యోగం ఇచ్చి చూడండి, పాత్ర వెంటనే లేచి కూర్చుంటుంది.

బోధ అసలు ఉండకూడదని మేం అనడం లేదు. యోగవాసిష్ఠంలో చూడాల అనే రాణికి ముందు జ్ఞానం కలుగుతుంది. భార్య చెబితే శిఖిధ్వజుడు వినడు, రాజ్యం వదిలి అడవికి పోతాడు. ఆమె కుంభుడనే బ్రాహ్మణ కుర్రాడి రూపంలో అక్కడికెళ్లి బోధిస్తుంది. బోధ పొడుగ్గానే ఉంటుంది. అయినా చదివిస్తుంది, ఎందుకంటే చెప్పేది ఎవరో మనకు తెలుసు, వింటున్నవాడికి తెలియదు. తర్వాత పరీక్షలు కూడా పెడుతుంది. మీ గురువు దగ్గర అలాంటి రహస్యమేమీ లేదు. అందుకే క్లాసు అనిపిస్తోంది.

పైన చెప్పిన కావెండిష్‌కూ ఈ జబ్బు సోకింది. ఆమె కథలో ఎలుగుబంటి మనుషులు దుర్భిణీలతో ఆకాశం చూసి తలా ఒకటి చెప్పి కొట్లాడుకుంటారు. మహారాణి విసిగిపోయి వాటిని పగలగొట్టమంటుంది. అయ్యో, అవి లేకపోతే వాదించుకోవడానికి మాకేం మిగులుతుందని వాళ్లు కాళ్లావేళ్లా పడతారు. ఆ ఘట్టం ఇప్పటికీ నవ్విస్తుంది, ఆలోచింపజేస్తుంది. ఆ చుట్టుపక్కలే రాణి వరసబెట్టి ప్రశ్నలు వేయడం, రకరకాల జంతుమనుషులు జవాబులు చెప్పడం పేజీల తరబడి సాగుతుంది. అక్కడ పుస్తకం చతికిలబడుతుంది. (ప్రశ్నలూ జవాబుల శీర్షిక నడిపే మేం ఈ మాట అనడం కొంచెం ధైర్యమే.)

మాయకు ఎన్ని నియమాలుండాలి? ముందే అన్నీ రాసిపెట్టుకోవాలా, రాస్తా పోతే అవే వస్తాయా?
పలమనేరు పాఠకుడు

ఎన్ని అన్నదానికంటే ఒక్కో నియమాన్ని ఎంత దూరం తీసుకెళ్లారన్నది ముఖ్యం. యోగవాసిష్ఠంలోనే లీల కథ చూడండి. భర్త చనిపోతే అతని జీవుడు తన ఇల్లు దాటి పోకూడదని రాణి లీల సరస్వతిని వరం అడుగుతుంది. ఒక్క వరం. భర్త చనిపోతాడు, జీవుడు ఇల్లు దాటలేడు, మరి కర్మఫలం అనుభవించేదెక్కడ? ఆ ఇంటి ఆకాశంలోనే అతనికి వేరే రాజ్యం, వేరే యుద్ధం, వేరే జీవితం మొదలవుతాయి. దేశకాలాల మీద ఆ గ్రంథం చెప్పదలచుకున్నదంతా ఆ ఒక్క వరం మాటల్లోంచి లాగింది.

గ్రీకు తత్వవేత్త ప్లేటో రిపబ్లిక్ రెండో భాగంలోని గైజీస్ ఉంగరం కూడా అంతే. ఉంగరపు రాయిని లోపలికి తిప్పితే మనిషి కనబడడు, బయటికి తిప్పితే కనబడతాడు. ఎవరూ చూడరంటే మంచివాడు మంచిగా ఉంటాడా అన్నది ప్రశ్న. తత్వానికి అంతతో సరిపోతుంది, నవలకు చాలదు. తత్వవేత్త ఆ ప్రశ్నకు అడ్డొచ్చేవన్నీ పక్కకు తోసేస్తాడు. నవలాకారుడు వాటినే మళ్లీ తెచ్చుకోవాలి: ఉంగరం పెట్టుకున్నవాడు చేసిన దొంగతనానికి ఏ కాపలావాడి ఉద్యోగం పోయింది, ఇంట్లో పెళ్లానికి ఏమని చెప్పాడు, జ్వరంలో చేతివేళ్లు ఉబ్బితే ఉంగరం తిరుగుతుందా.

పని మొదలుపెట్టేముందు ఒక్క కాగితం మీద అయిదు విషయాలు రాసుకోండి. మాయ ఏం చేస్తుంది, ఏం ఖర్చవుతుంది, ఎవరి చేతిలో పనిచేయదు, ఎక్కడ ఆగిపోతుంది, మామూలు జనం దాన్ని దేనికి వాడుకుంటారు. నాలుగింటినీ అందరూ రాస్తారు. అయిదోది వదిలేస్తారు, నవలకు అక్కడే బొక్క పడుతుంది. మీ కథలో కుళ్లును ఆపే మంత్రం ఉందని రాశారు. దాన్ని మీ హీరో చనిపోయిన తమ్ముడి దేహం మీద వాడాడు, బాగుంది. కానీ ఆ మంత్రం ఉన్న దేశంలో మొదట దాన్ని కొనేది టమాటా మండీ వ్యాపారి. ధర పడినప్పుడు కాయను రోడ్డు మీద పారబోయాల్సిన పని ఉండదు, నెలల తరబడి దాచి ధర లేచినప్పుడు దించుతాడు. మంత్రగాళ్లకు అడ్వాన్సులిచ్చి కట్టేసుకుంటాడు. మంత్రం కొనలేని రైతు పరిస్థితి ఇప్పటికంటే ఘోరం అవుతుంది. ఇది రాస్తే మృత్యువు మీద మీరు అడుగుతున్న ప్రశ్నకు, కుళ్లిపోయే హక్కు ఎవరిది అని, ఇంకో అంచు వస్తుంది. మదనపల్లె మార్కెట్టులో ఒక పొద్దున నిలబడి వేలం వినండి, మీకు రెండు అధ్యాయాలు దొరుకుతాయి.

ఇక రాస్తా పోతే వచ్చే నియమాల సంగతి. వస్తాయి, రానివ్వండి. చిక్కల్లా చివరి యాభై పేజీల్లో కొత్త నియమం పుడితేనే. హీరో ఇరుక్కున్నప్పుడు ‘వంశంలో ఒక్కరికి మాత్రం ఈ శక్తి ఉంటుంది’ అని బయటపడిందంటే అక్కడ పాఠకుడు మిమ్మల్ని నమ్మడం మానేస్తాడు. అలాంటి నియమం తప్పదనుకుంటే వెనక్కెళ్లి మొదటి మూడో వంతులో, ఎవరూ పట్టించుకోని ఒక చిన్న సందర్భంలో దాన్ని నాటి రండి. ధర విషయంలోనూ ఇంతే. మొదటి అధ్యాయంలో మంత్రం వేస్తే ఒక రోజంతా చూపు పోతుందని చెప్పి, పతాక ఘట్టంలో నాలుగుసార్లు వేసినా హీరో కత్తి తిప్పుతుంటే ఎవరు ఊరుకుంటారు?

ముందు తత్వవ్యాసం రాసుకోవాలా, ముందు కథా? రెండూ ఒకేసారి సాగితే ఒకదాన్నొకటి పాడుచేస్తాయా?
తిరుపతి, విశ్రాంత అధ్యాపకుడు

రెండు రకాలుగానూ నడిచింది. ఇంగ్లీషు రచయిత సి.ఎస్. లూయిస్ 1943లో ‘ది అబాలిషన్ ఆఫ్ మ్యాన్’ అనే ఉపన్యాసాల పుస్తకం వేశాడు, 1945లో ‘దట్ హిడియస్ స్ట్రెంగ్త్’ నవల వచ్చింది. నవల ముందుమాటలో తనే చెప్పాడు, దీని వెనక ఉన్న గంభీరమైన విషయం ఆ ఉపన్యాసాల్లో చెప్పిందే అని. కావెండిష్ రెండిటినీ ఒకే అట్టల మధ్య పెట్టింది.

మీలాగా ఏళ్ల తరబడి పాఠం చెప్పినవారికి మా సలహా: వ్యాసం ముందు రాయండి, కానీ 1,500 మాటలు దాటనివ్వకండి. మీ సిద్ధాంతం కింద, దాన్ని పడగొట్టగల అభ్యంతరాలు మూడైనా రాయండి. నామమాత్రంగా కాదు, ఆ పక్షం వకీలు రాసినంత గట్టిగా. రాయలేకపోతే సిద్ధాంతం ఇంకా పచ్చిగా ఉంది, కథకు తొందరపడకండి. వాటిలో మీకు నిద్ర పట్టనివ్వని అభ్యంతరాన్ని తీసుకుని దాన్ని ఒక మనిషి బతుకుగా ఊహించండి. మీ ప్రతినాయకుడు వాడే. ఆ తర్వాత వ్యాసం బీరువాలో పెట్టి తాళం వేయండి. కథ మొదటి ప్రతి పూర్తయ్యేదాకా తీయకూడదు. పక్కనే ఉంటే చూసి రాస్తారు, పాత్రలు మీ వాక్యాలే ఒప్పజెబుతాయి.

నైషధం 17వ సర్గలో కలి పరివారంలోంచి ఒకడు చార్వాక వాదం ఎత్తుకుని వేదాన్నీ పరలోకాన్నీ ఎగతాళి చేస్తాడు. శ్రీహర్షుడికి ఆ మతం సమ్మతం కాదు. అయినా వాడి నోట చప్పటి మాట ఒక్కటీ పెట్టలేదు. దేవతలు జవాబు చెబుతారు, కానీ చదివినవాడికి ముందు గుర్తుండేది వాడి వాగ్ధాటే. ఎదుటి పక్షానికి అంత తిండి పెట్టగలిగితే మీ కథకు బలం వస్తుంది.

కథ రాస్తుండగా సిద్ధాంతమే మారిపోతే? అలా జరిగితే సంతోషించండి. వ్యాసాన్ని తిరగరాయండి, కథను వెనక్కి లాగకండి.

మా ఊరి స్థలపురాణాన్నే అద్భుత నవలగా రాయాలని ఉంది. హక్కుల గొడవలేమైనా వస్తాయా? భక్తులకు కోపం వస్తుందా?
శ్రీకాళహస్తి పాఠకురాలు

స్థలపురాణం ఎవరి సొత్తూ కాదు. ధూర్జటి 16వ శతాబ్దం వాడు, ఆయన పద్యాలు నిరభ్యంతరంగా వాడుకోవచ్చు. ఈ మధ్యవాళ్లు రాసిన వచనం, వ్యాఖ్యానం, అనువాదం మాత్రం వేరు. మన చట్టం ప్రకారం రచయిత చనిపోయిన మరుసటి సంవత్సరం నుంచి లెక్కపెట్టి 60 ఏళ్ల దాకా హక్కు ఉంటుంది. మూలం ప్రాచీనమే కదా అని ఎవరిదో టీకా తాత్పర్యం ఎత్తి రాసుకుంటే తప్పు మీదే అవుతుంది.

రెండో ప్రశ్నకు ధూర్జటినే చూడమంటాం. పాము మణులు తెచ్చి శివుడి మీద పెడుతుంది. ఏనుగు వచ్చి ఈ రాళ్లేమిటని తోసేసి నీళ్లతో కడిగి పత్రి పెడుతుంది. మర్నాడు పాము వచ్చి పత్రి తోసేస్తుంది. రెండిటిదీ నిజమైన భక్తే, ఒకదాని పూజ ఇంకోదానికి అపచారం. చివరికి పాము తొండంలో దూరుతుంది, రెండూ చస్తాయి. ఇద్దరు మంచివాళ్ల మంచితనాలు ఒకదానికొకటి సరిపడనప్పుడు ఏమవుతుంది? దీనికంటే పదునైన తత్వప్రశ్న మీరు బయటినుంచి తెచ్చి అతికించక్కర్లేదు. ఆ ప్రశ్నను పట్టుకుని ఉన్నంతసేపు భక్తుడికి కోపం వచ్చే సందర్భాలు తక్కువ. కోపం తెప్పించేది దేవుణ్ణి హీరో చేతి ఆయుధంగా మార్చడం, తెలిసిన కథ ముగింపును మార్చి అసలు పేర్లే ఉంచడం. కథ మారిస్తే ఊరి పేరూ స్వామి పేరూ కూడా మార్చండి. కొండ, ఏరు, గాలి అలాగే ఉంచుకోవచ్చు.

అద్భుత నవలలో మా చిత్తూరు మాట వాడొచ్చా? గ్రాంథికం అయితేనే గంభీరంగా ఉంటుందని ఒక సాహితీ మిత్రుడి వాదన.
కుప్పం పాఠకుడు

శుభ్రంగా వాడండి. కయ్య, గెనిమ, ‘పోతా ఉండా’, ‘అట్ట జేస్తే ఎట్ట’ ఏ మాయాలోకంలోనైనా నిలబడతాయి. ఒక్క జాగ్రత్త. యాస బంట్లకూ నవ్వించే పాత్రలకూ ఇచ్చి, ఋషికీ రాజుకూ పుస్తక భాష ఇస్తే ఆలోచించే హక్కు ఎవరిదో మీరు చెప్పకనే చెప్పినట్టు. ఋషి కూడా సంగటి తిని ఊరిబిండి నంజుకున్నవాడే కావచ్చు.

కొత్తగా కట్టే పేర్ల విషయంలో మాత్రం పొదుపు పాటించండి. మొదటి పది పేజీల్లో నాలుగు కొత్త పేర్లకు మించితే పాఠకుడు వెనక్కి తిప్పి చూసుకోవాల్సి వస్తుంది. ఒకే అక్షరంతో మొదలయ్యే పేర్లు ఇద్దరికి పెట్టకండి.

30,000 మాటల నవల, పక్కనే 6,000 మాటల తత్వవ్యాసం. సొంతంగా అచ్చు వేయించాలి. ఎన్ని పేజీలొస్తుంది, ఎక్కడ మోసపోతాం?
చిత్తూరు పాఠకుడు

డెమ్మీ 1/8 సైజులో, 12 పాయింట్ల అక్షరంలో, తెలుగు పేజీకి దాదాపు 220 మాటలు పడతాయి. నవల ఒక్కటే వేస్తే 136, 137 పేజీలు, ముందు పేజీలు కలిపి 144కు సర్దవచ్చు. 16 పేజీల ఫారాలు (ఒకే కాగితం మీద అచ్చయి మడతపడే కట్టలు) సరిగ్గా తొమ్మిది. వ్యాసం కూడా కలిపితే ఇంకో 28 పేజీలు, అంటే 172. ఫారం లెక్కకు 176 అవుతుంది, నాలుగు పేజీలు మిగులుతాయి. అందుకే ప్రెస్సువాళ్లను ధర అడిగేటప్పుడు పేజీలు కాదు, ఫారాలు చెప్పి అడగండి. 145వ పేజీ కోసం కొత్త ఫారం మొదలైతే మిగతావి తెల్లకాగితాలే.

70 జీఎస్ఎమ్ మ్యాప్‌లిథో కాగితం మీద 144 పేజీలంటే 72 ఆకులు. వెన్ను మందం 6 నుంచి 7 మిల్లీమీటర్లు వస్తుంది. అట్ట డిజైను చేసేవారు ఊహించి వేస్తే వెన్ను మీది పేరు పక్కకు జారుతుంది. అదే కాగితంతో ఖాళీ డమ్మీ ఒకటి కట్టించుకుని కొలవండి.

ఎక్కువ నష్టం జరిగేది అక్షరాల దగ్గర. మీరు ఫోన్లోనో కంప్యూటర్లోనో యూనికోడ్‌లో టైపు చేసి ఉంటారు. చాలా డీటీపీ సెంటర్లు ఇంకా యూనికోడ్ కాని పాత ‘అను’ ఫాంట్లతో పేజ్‌మేకర్లో పనిచేస్తాయి. అటు మార్చేటప్పుడు కొన్ని వొత్తులు చెదురుతాయి, అరసున్నలూ బండి ‘ఱ’లూ మాయమవుతాయి, కొటేషన్ గుర్తులు వేరే అక్షరాలవుతాయి. పొల్లు తర్వాత కనబడకుండా ఉండే విడదీత గుర్తు పోయిందంటే ‘మ్యాప్‌లిథో’ కాస్తా ‘మ్యాప్లిథో’ అయిపోతుంది. అద్భుత నవలలో కల్పించిన పేర్లుంటాయి కదా, ప్రూఫు చూసేవారికి అది తప్పో ఒప్పో తెలియదు. కాబట్టి పేర్ల జాబితా ఒకటి రాసి ప్రూఫుతో పాటు ఇవ్వండి. వీలైతే ఇన్‌డిజైన్‌లో యూనికోడ్ ఫాంటుతోనే కట్టే సెంటర్ వెతకండి. అందులో వరల్డ్ రెడీ కంపోజర్ అనే సెట్టింగు ఎంచుకోకపోతే వొత్తులు విడిపోయి కనబడతాయి, అది ఆపరేటరుకు గుర్తుచేయండి.

ఐఎస్‌బీఎన్‌కు (పుస్తకానికి ఇచ్చే గుర్తింపు నంబరుకు) డబ్బు కట్టక్కర్లేదు. రాజా రామమోహన్ రాయ్ జాతీయ సంస్థ వెబ్‌సైటులో దరఖాస్తు చేస్తే ఉచితంగా ఇస్తారు. ‘మేం తెప్పిస్తాం, ఇంత అవుతుంది’ అనేవారు తమ శ్రమకు తీసుకుంటున్నారే తప్ప నంబరుకు కాదు. అచ్చు పుస్తకానికీ ఈ-బుక్కుకూ వేర్వేరు నంబర్లు. పుస్తకం వచ్చిన 30 రోజుల్లో కలకత్తా జాతీయ గ్రంథాలయానికి ఒక ప్రతి పంపాలని 1954 చట్టం ఉంది. చెన్నై కన్నెమరా, ముంబై, ఢిల్లీ గ్రంథాలయాలకూ ఒక్కో ప్రతి. సొంతంగా వేసుకున్నప్పుడు ప్రచురణకర్త మీరే కాబట్టి ఆ బాధ్యతా మీదే.

వ్యాసాన్ని కలపాలా అంటే, మేమైతే కలపం. నవల వెనక పెడితే అది సమాధానాల పేజీలాగా తయారవుతుంది. విడిగా 32 పేజీల చిన్న పుస్తకం వేయండి.

తత్వానికి ఒక పేరు, కథలకు ఒక కలంపేరు పెట్టుకోవచ్చా?
నగరి పాఠకుడు

పెట్టుకోవచ్చు, కానీ లాభం తక్కువ. అట్ట మీద ‘నవల’ అనీ ‘వ్యాసాలు’ అనీ స్పష్టంగా వేస్తే చాలు. ఉద్యోగరీత్యా ఇబ్బంది ఉంటే మాట వేరు.

ఈ పాత పుస్తకాలన్నీ తిరుపతిలో ఎక్కడ చూడొచ్చు?
శ్రీవేంకటేశ్వర విశ్వవిద్యాలయం విద్యార్థిని

మీ విశ్వవిద్యాలయం గ్రంథాలయంతోనే మొదలుపెట్టమ్మా. ప్రాచ్య పరిశోధనా సంస్థ మీ ఆవరణలోనే ఉంది, తాళపత్రాలు కూడా ఉన్నాయి. ఖండనం, నైషధం, యోగవాసిష్ఠం సంస్కృతంలో కావాలంటే జాతీయ సంస్కృత విశ్వవిద్యాలయంలో అడుగు. వెంగమాంబ రచనలను తిరుమల తిరుపతి దేవస్థానం ప్రచురించింది, వాళ్ల పుస్తక విక్రయశాలల్లో వాకబు చెయ్యి. యోగవాసిష్ఠం మొత్తం ఒక్కసారి ఎత్తుకోకు, లీల, చూడాల ఉపాఖ్యానాలు చదివాక మిగతాది.

నవల పూర్తయింది. అచ్చుకు ముందు ఎవరికి చూపించాలి, ఏమని అడగాలి?
పీలేరు పాఠకురాలు

ముగ్గురు చాలు. ఒకరు అద్భుత కథలు తెగ చదివేవారు. ఒకరు దర్శనాలు చదువుకున్నవారు. మూడోవారు ఈ రెండిటి జోలికీ పోనివారై ఉండాలి, ఇంట్లోవాళ్లు మాత్రం కాకూడదు. ‘ఎట్లుంది?’ అని అడిగితే ‘బాగుంది’ అంటారు, మీకు ఒరిగేదేమీ ఉండదు. ఎక్కడ పక్కన పెట్టి కాఫీకి లేచారో ఆ పేజీ అంచున చుక్క పెట్టమనండి. చదవడం అయ్యాక మూడు ప్రశ్నలే: ఈ లోకంలో ఏం చేయకూడదు, చేస్తే ఏమవుతుంది, మీరైతే ఎవరి పక్షం?

మొదటి రెండిటికీ ముగ్గురూ ఒకే జవాబు చెప్పాలి. చెప్పలేకపోతే నియమాలు సరిగ్గా నాటలేదు, వెనక్కెళ్లి సరిచేయండి. మూడోదానికి ముగ్గురూ ఒకే జవాబు చెబితే అనుమానించాల్సిందే, మీ ప్రతినాయకుడికి తిండి చాల్లేదు. దర్శనాలు చదివినాయన ‘శంకరుల వారు అలా అనలేదే’ అని పేచీ పెడతారు. ఆ అభ్యంతరాన్ని వ్యాసం ఫైల్లో రాసుకోండి, నవలను ముట్టుకోకండి. ఆయన పెట్టిన చుక్కలూ మూడో మనిషి పెట్టిన చుక్కలూ ఒకే పేజీలో పడితే మాత్రం ఆ పేజీ తిరగరాయాలి.